మారుతాళాల తిరుగుబాటు

మొన్నటి సాహిత్య పాఠశాలలో కథానిక శిల్పం మీద జరగాల్సిన చర్చ పక్కదారి పట్టింది. ఒక యువ మిత్రుడు చదివిన కథ అందుకు కారణం. ఆ కథలో నాయకుడు చిన్న పట్నంలో డి.టి.పి. సెంటర్ నడుపుతుంటాడు. విండోస్ కొనే స్తోమత లేదు. తెర కింది మూలన, యాక్టివేట్ చేసుకోమనే హెచ్చరిక రాత్రింబవళ్లు అతన్ని వెక్కిరిస్తూ ఉంటుంది. చివరికి ఎవరో ఇచ్చిన పెన్‌డ్రైవ్‌లోని చిన్న ప్రోగ్రామును నడిపిస్తాడు. హెచ్చరిక మాయమవుతుంది. కథకుడు దాన్ని సామ్రాజ్యవాదం మీద ఒక సామాన్యుడి గెలుపుగా చిత్రించి కథ ముగించాడు.

కథ అయిపోగానే ఒక పెద్దాయన లేచారు. "ఇది దొంగతనం. మన పుస్తకాల పి.డి.ఎఫ్.లు ఎవడో పంచిపెడితే గగ్గోలు పెడతాం. ఇంకొకడి సొత్తు ఎత్తుకొస్తే చప్పట్లు కొడతామా?" అన్నారు. కుర్రవాళ్లు ఒక పక్క, పెద్దవాళ్లు ఒక పక్క అయ్యారు. నేను ఆ రోజు మాట్లాడలేదు. రెండు వాదాల్లోనూ ఏదో లోపం కనిపించింది గాని అదేమిటో వెంటనే తట్టలేదు. కొన్ని కాగితాలు చదవాల్సి ఉందనిపించింది. చదివాను. ఈ వ్యాసం ఆ చదువు ఫలితం.

సాహిత్య విమర్శకుడికి సాఫ్ట్‌వేర్‌తో ఏం పని అని అడిగేవారుంటారు. దానికి జవాబు మన చట్టమే ఇచ్చింది. 1957 నాటి కాపీరైట్ చట్టాన్ని 1984లో సవరించినప్పుడు కంప్యూటర్ ప్రోగ్రాములను 'సాహిత్య కృతి' నిర్వచనంలో చేర్చారు. 1994 సవరణ దాన్ని మరింత గట్టిపరిచింది. అంటే చట్టం దృష్టిలో గురజాడ కథకూ, మీ కంప్యూటర్‌ను నడిపించే ఆపరేటింగ్ సిస్టమ్‌కూ జాతి ఒకటే. సాహిత్యమని వాళ్లే అన్నారు కాబట్టి విమర్శించే హక్కు మనకు వచ్చింది.

అయితే ఈ కొత్త సాహిత్య శాఖకు ఒక విచిత్ర లక్షణం ఉంది. దాన్ని పాఠకుడు చదవడానికి వీల్లేదు. ప్రోగ్రాముకు రెండు రూపాలుంటాయి. మనిషి రాసేది, మనిషి చదవగలిగేది సోర్సు కోడ్. దాన్ని యంత్రానికి అర్థమయ్యే అంకెల వరసగా మార్చిన రూపం రెండోది. మనకు అమ్మేది రెండోదాన్నే. మొదటిది కంపెనీ భోషాణంలో ఉంటుంది. అచ్చు వేయకుండా, ఎవరికీ చూపించకుండా, ఎవరూ విమర్శించకుండా సాహిత్య కృతి హోదా పొంది, కవి కావ్యానికిచ్చే రక్షణంతా అనుభవించే సాహిత్యం చరిత్రలో ఇదొక్కటే అనుకుంటాను. మన దేశంలో సాహిత్య కృతికి రచయిత మరణించాక కూడా 60 ఏళ్లు రక్షణ ఉంటుంది. పదేళ్లకే కాలం చెల్లిపోయే ప్రోగ్రాముకు అన్నేళ్ల హక్కు ఏం చేసుకోవడానికో చట్టం రాసినవాళ్లకే తెలియాలి.

ఈ చదవడమనే సంగతిని పట్టుకుంటే మన వివాదం ముడి వీడుతుందని నాకు తోచింది.

ప్రోగ్రాములు మొదటినుంచీ ఇలా బంధింపబడి లేవు. ఐ.బి.ఎం. కంపెనీ 1969లో కొన్ని ప్రోగ్రాములకు, సేవలకు విడిగా వెల కడతామని ప్రకటించేదాకా అవి ఎక్కువగా యంత్రంతోపాటే వచ్చేవి. నాగలి కొన్నవాడికి కర్రు విడిగా అమ్మడమేమిటన్నట్టు ఉండేది వ్యవహారం. అదే 1969లో బెల్ లాబ్స్‌లో కెన్ థాంప్సన్, డెన్నిస్ రిచీ యూనిక్స్ అనే ఆపరేటింగ్ సిస్టమ్‌ను మొదలుపెట్టారు. వాళ్ల యజమాని ఎ.టి. అండ్ టి. టెలిఫోన్ కంపెనీ. అమెరికా ప్రభుత్వంతో 1956లో కుదిరిన కోర్టు ఒప్పందం ప్రకారం ఆ కంపెనీ టెలిఫోన్లు తప్ప ఇంకో వ్యాపారం చేయకూడదు. అందుకని యూనిక్స్‌ను సోర్సు కోడ్‌తో సహా నామమాత్రపు రుసుముకు విశ్వవిద్యాలయాలకు ఇచ్చేసింది. ఔదార్యం కాదు, గత్యంతరం లేకపోవడం. చరిత్రలో కొన్ని మంచిపనులు ఇలాగే జరుగుతుంటాయి.

ఆస్ట్రేలియాలో న్యూ సౌత్ వేల్స్ విశ్వవిద్యాలయంలో జాన్ లయన్స్ అనే అధ్యాపకుడు ఆ సోర్సు కోడ్‌ను విద్యార్థులకు పాఠ్యగ్రంథంగా పెట్టాడు. యూనిక్స్ ఆరో కూర్పు కెర్నెల్ మూలం పదివేల వరసల లోపే. 1976-77లో ఆయన మూలాన్ని ఒక సంపుటంగా, వరస వరసకూ వివరణను ఇంకో సంపుటంగా తయారుచేశాడు. మన మెదక్ సీమ మల్లినాథసూరి కాళిదాసు కావ్యాలకు వ్యాఖ్య రాసిన పద్ధతి చూడండి: మూలం, అన్వయం, అర్థం, మూలంలో లేనిది రాయననే పట్టుదల. లయన్స్ చేసింది సరిగ్గా అదే. ఆ మూలంలో ఒకచోట గ్రంథకర్తలు, దీన్ని మీరు అర్థం చేసుకోవాలని మేం ఆశించడం లేదన్న భావంతో ఒక చిన్న వ్యాఖ్య రాసిపెట్టారు. అది పాఠకుణ్ణి ఎగతాళి చేయడం కాదని, ఇది పరీక్షలో రాదులే అన్న ధోరణిలో రాసిందని రిచీ తర్వాత వివరించాడు. పైగా ఆ భాగం తమకే సరిగా అర్థం కాలేదని ఒప్పుకున్నాడు కూడా. ఒక రచన, దాని పాఠకులు, వ్యాఖ్యాత, రచయిత వివరణ, ఆ వివరణలోని నిజాయితీ! సాహిత్య వాతావరణమంటే ఇంకేం కావాలి?

1979లో యూనిక్స్ ఏడో కూర్పు వచ్చింది. దాని లైసెన్సులో, మూలాన్ని తరగతి గదిలో పాఠంగా చెప్పకూడదని నిషేధం పెట్టారు. లయన్స్ వ్యాఖ్యానం కంపెనీ లైసెన్సు ఉన్నవాళ్లకు తప్ప మిగిలినవాళ్లకు దొరకరాని పుస్తకమైంది. అయినా ఆగలేదు. ఫోటోస్టాట్ ప్రతికి ఫోటోస్టాట్ ప్రతిగా, అక్షరాలు అలికిపోయేదాకా, ఒక తరం ప్రోగ్రామర్లు దాన్ని చేతులు మార్చుకుంటూ చదువుకున్నారు. 1996లో గాని బహిరంగంగా అచ్చు కాలేదు. నిషిద్ధ పుస్తకాలు చేతిరాతతో నకలు తీసుకుని చదివిన తరం మన సంఘంలోనూ ఉంది. వాళ్లకు ఈ కథ చెప్పనక్కరలేదు.

ఫోటోస్టాట్ తీసుకున్నవాళ్లు కూడా చట్టం దృష్టిలో నేరస్తులే. వాళ్లు నకలు తీసింది చదవడానికి. ఇది గుర్తుంచుకుని ముందుకు పోదాం.

లయన్స్ పాఠం చెబుతున్న ఆ 1976లోనే, ఫిబ్రవరి 3 తేదీతో, అమెరికాలో ఇంకొక రచన వెలువడింది. ఇళ్లలో సొంతంగా కంప్యూటర్లు కట్టుకునే ఔత్సాహికులను ఉద్దేశించిన బహిరంగ లేఖ అది. రాసినవాడు ఇరవయ్యేళ్ల బిల్ గేట్స్. ఆల్టెయిర్ అనే చిన్న కంప్యూటర్ కోసం తానూ తన మిత్రులూ బేసిక్ భాషా ప్రోగ్రాము రాశారు. దాని కాగితపు టేపును ఔత్సాహికులు నకళ్లు తీసి పంచుకున్నారు. దానిమీద ఫిర్యాదు ఆ లేఖ. లేఖా సాహిత్యంగా చూస్తే చాలా బిగువైన రచన. శిల్పం తెలిసినవాడు రాసిందే.

మొదట శ్రమ లెక్క చెబుతాడు. ఏడాది కాలం కష్టపడ్డామంటాడు. వాడిన కంప్యూటర్ కాలం విలువ 40,000 డాలర్లు దాటిందంటాడు. ఆల్టెయిర్ ఉన్నవాళ్లలో పదిశాతం కూడా బేసిక్ కొనలేదని, వచ్చిన రాయల్టీ లెక్కవేస్తే గంటకు రెండు డాలర్ల కూలి కూడా గిట్టలేదని వాపోతాడు. మీలో ఎక్కువమంది దొంగలని ముఖం మీదే అంటాడు. ఒళ్లొంచి పనిచేసేవాడికి కూలి దక్కకూడదా అని నిలదీస్తాడు. చదువుతుంటే మనకు సానుభూతి కలుగుతుంది, కలగాలి కూడా. కూలి అడిగేవాడి పక్షాన నిలబడటం మన అలవాటు. కాని చివరి వాక్యం దగ్గర ఆగండి. పదిమంది ప్రోగ్రామర్లను పనికి పెట్టుకుని బజారును మంచి సాఫ్ట్‌వేర్‌తో ముంచెత్తడంకంటే తనకు సంతోషం ఇంకోటి లేదని ముగిస్తాడు. కూలివాడి గొంతుతో మొదలైన లేఖ యజమాని కోరికతో పూర్తయింది. మధ్యలో ఎక్కడ గొంతు మారిందో తెలియకుండా రాయడమే ఆ రచనలోని నేర్పు.

లేఖలో లేని విషయాలు ఇంకా ముఖ్యం. ఆ 40,000 డాలర్ల కంప్యూటర్ కాలం ఎక్కువగా హార్వర్డ్ విశ్వవిద్యాలయపు యంత్రం మీద నడిచింది. ఆ యంత్రానికి డబ్బు ప్రభుత్వానిది. ఇక బేసిక్ భాష వాళ్ల సృష్టి కాదు. 1964లో డార్ట్‌మత్ కళాశాలలో కెమెనీ, కర్ట్జ్ అనే ఇద్దరు అధ్యాపకులు విద్యార్థుల కోసం తయారుచేసి లోకానికి వదిలిపెట్టిన భాష. నలుగురి సొమ్ముతో, నలుగురూ పంచుకున్న భాషతో చేసిన వస్తువు నలుగురూ పంచుకోగానే దొంగతనమైంది. ఔత్సాహికులు ఊరుకోలేదు. టైనీ బేసిక్ పేరుతో సొంత ప్రోగ్రాములు రాసుకుని పత్రికల్లో మూలంతో సహా అచ్చు వేసుకున్నారు. వాటిలో ఒకదాని తలకట్టు మీద లి-చెన్ వాంగ్ అనే రచయిత కాపీరైట్ మాటను తలకిందులు చేసి 'కాపీలెఫ్ట్' అని చమత్కరించాడు.

తర్వాతి పదిహేనేళ్ల చరిత్ర క్లుప్తంగా చెబుతాను. 1981లో ఐ.బి.ఎం. చిన్న కంప్యూటర్ తెచ్చినప్పుడు గేట్స్ కంపెనీ దగ్గర ఆపరేటింగ్ సిస్టమ్ లేదు. సియాటిల్‌లోని ఒక చిన్న సంస్థ దగ్గర టిమ్ ప్యాటర్సన్ రాసినదాన్ని కొనుక్కుంది. పూర్తి హక్కులకు ఇచ్చింది 50,000 డాలర్లు. అదే ఎం.ఎస్.-డాస్ అయింది. తాను మాత్రం ఎవరికీ అమ్మలేదు, లైసెన్సు ఇచ్చింది. ప్రపంచంలో పెద్ద ఆస్తులన్నీ ఈ రెండు క్రియల తేడాలోనే పుట్టాయేమో. తర్వాత కంప్యూటర్ తయారీదార్లతో ఇంకో ఏర్పాటు చేసుకుంది. యంత్రంలో డాస్ ఉన్నా లేకపోయినా, అమ్మిన ప్రతి యంత్రానికీ లెక్కగట్టి రుసుము చెల్లించాలి. అమెరికా న్యాయశాఖ జోక్యంతో 1994లో ఆ పద్ధతి ఆగింది. వాడని వస్తువుకు డబ్బు వసూలు చేయడాన్ని ఎవరూ దొంగతనం అనలేదు. దాన్ని పోటీకి భంగకరమైన పద్ధతి అన్నారు. ఒకే పనికి వర్గాన్నిబట్టి రెండు నిఘంటువులు!

లైసెన్సును తెలుగులో అనుమతి అంటున్నాం. ఆ పత్రం స్వభావానికి 'కౌలు' అన్న మాట ఎక్కువ నప్పుతుంది. డబ్బు మీరిస్తారు, వస్తువు మీ ఇంట్లోనే ఉంటుంది, కాని అది మీది కాదు, వాడుకోవడానికి ఇచ్చాం అంతే అని పత్రం చెబుతుంది. నిజానికి కౌలు అన్నా కౌలుదారును అవమానించినట్టే. కౌలురైతు భూమిని దున్ని, తవ్వి, మట్టి గుణం తెలుసుకోవచ్చు. ఇక్కడ తవ్వి చూడటమే నిషిద్ధం. యంత్రరూపాన్ని విప్పి మూలమేమిటో ఊహించకూడదని షరతు. ఈ పత్రాల శైలి గురించి ఒక్క మాట. ఉత్తమ పురుషలో 'మేము' అని కంపెనీ, మధ్యమ పురుషలో 'మీరు' అని మనం. మేము చేసేవన్నీ 'చేయవచ్చు', మీరు చేసేవన్నీ 'చేయకూడదు'. చదవకుండా 'అంగీకరిస్తున్నాను' మీద నొక్కాల్సిన ఏకైక సాహిత్య ప్రక్రియ ఇదే.

2001 అక్టోబర్‌లో విండోస్ ఎక్స్.పి.తో కామందు నేరుగా ఇంటికొచ్చాడు. అంతకుముందు పెట్టె మీది సంఖ్య కొడితే సరిపోయేది. ఆ సంఖ్యను ఎంతమందైనా రాసుకునేవారు. ఎక్స్.పి. మాత్రం యంత్రంలోని పది భాగాల గుర్తులను కలిపి ఒక ముద్ర తయారుచేసి, కంపెనీకి పంపి, ముప్పై రోజుల్లోగా ఆమోదం తెచ్చుకోమంది. వేలకొద్దీ యంత్రాలు కొనే పెద్ద సంస్థలకు మాత్రం ఈ గడప తొక్కే పని లేకుండా ప్రత్యేక సంఖ్యలిచ్చారు. వాటిలో ఒకటి, వస్తువు బజారులోకి రాకముందే బయటికి పొక్కి ప్రపంచమంతా తిరిగింది. పెద్దల ద్వారం తెరిచి ఉంచితే పిన్నలు అందులోంచే వస్తారు. దాంతో విస్టా కాలంలో, 2007 ప్రాంతంలో, ఆ ద్వారానికీ కాపలా పెట్టారు. సంస్థ లోపలే ఒక సర్వర్ ఉంటుంది. దాన్ని కె.ఎం.ఎస్. అంటారు. సంస్థలోని యంత్రాలు దాని దగ్గర అనుమతి తీసుకుంటాయి. అనుమతి 180 రోజులకు చెల్లుతుంది. ఆలోగా మళ్లీ మళ్లీ అడిగి పొడిగించుకోవాలి.

కాపలాదారు పొరపడితే ఏమవుతుందో 2007 ఆగస్టులో తేలింది. కంపెనీ సర్వర్లలో మానవ తప్పిదం వల్ల సుమారు 19 గంటలపాటు డబ్బిచ్చి కొన్నవాళ్ల విండోస్‌లకు కూడా నకిలీ ముద్ర పడింది. 2008 అక్టోబర్‌లో చైనాలో నకిలీ అని తేల్చిన కంప్యూటర్ల తెరను గంటకోసారి నల్లగా చేశారు. జనం కోపంతో ఊగిపోయారు. ఆ కోపంలో కొంత న్యాయముంది. ఎందుకంటే పదేళ్ల ముందు, 1998లో, వాషింగ్టన్ విశ్వవిద్యాలయంలో విద్యార్థులతో మాట్లాడుతూ అదే గేట్స్ ఏమన్నాడు? చైనాలో ఏటా సుమారు ముప్పై లక్షల కంప్యూటర్లు అమ్ముడవుతున్నాయి, సాఫ్ట్‌వేర్‌కు మాత్రం డబ్బివ్వడం లేదు, ఎలాగూ దొంగిలిస్తారు కాబట్టి మాదే దొంగిలించాలని మా కోరిక, అలవాటు పడతారు, వసూలు చేసే మార్గం వచ్చే దశాబ్దంలో ఎప్పుడో కనిపెడతాం అన్నాడు. 1976 లేఖనూ, 1998 ప్రసంగాన్నీ పక్కపక్కన పెట్టుకుని చదవమని సాహిత్య విద్యార్థులకు నా సలహా. ఒకే రచయిత. మొదటి దాంట్లో నకలు నేరం, రెండో దాంట్లో నకలు విత్తనం. మధ్యలో ఇరవై రెండేళ్లలో మారింది నీతి కాదు, బజారులో ఆయన స్థానం.

ఇప్పుడు మన యువ మిత్రుడి కథ దగ్గరికి వద్దాం. అతని నాయకుడు నడిపించిన ప్రోగ్రాము ఏం చేస్తుంది? ఈ రకం సాధనాల్లో ఎక్కువ పేరుపడ్డవి ఆ కె.ఎం.ఎస్. సర్వర్‌కు వేషధారులు. యంత్రం, నాకు అనుమతి ఉందా అని అడుగుతుంది. లోపల దాక్కున్న వేషగాడు యజమాని గొంతు అనుకరించి ఉంది అంటాడు. కొన్నాళ్లకు మళ్లీ అడుగుతుంది, మళ్లీ అదే గొంతుతో జవాబు. కథకుడు దీన్ని తిరుగుబాటు అన్నాడు. యజమాని ముద్ర చెల్లదని చెప్పేది తిరుగుబాటు. ముద్రను అచ్చంగా అనుకరించి కొట్టుకోవడం ఆ ముద్రకు తలవంచడమే. తలుపూ, తాళమూ, ఇల్లూ యథాతథంగా ఉన్నాయి. మారుతాళం పెట్టి లోపలికి వెళ్లినవాడు కూడా ఆ ఇంటికి అద్దెకున్నవాడే, అద్దె మాత్రం బాకీ. ఆ బాకీని ఎప్పుడు వసూలు చేయాలో యజమాని 1998లోనే ఆలోచించిపెట్టుకున్నాడు.

లయన్స్ పుస్తకం నకలు తీసినవాళ్లతో ఇతన్ని పోల్చలేనిది ఇందుకే. వాళ్లు లోపల ఏముందో చదవాలనుకున్నారు. ఇతనికి లోపల ఏముందో అక్కరలేదు, హెచ్చరిక కనబడకపోతే చాలు. చదవడం కోసం చట్టం దాటడం వేరు, చదవకపోయినా గడిచిపోవడం కోసం చట్టం దాటడం వేరు. పైగా రెండో చీకటి ఒకటుంది. విండోస్ లోపల ఏముందో తెలియదు సరే, ఆ యాక్టివేటర్ లోపల ఏముందో ఎంతమందికి తెలుసు? 2021లో, బాగా పేరున్న ఒక కె.ఎం.ఎస్. సాధనం పేరుతోనే దొంగ ప్యాకేజీలు తిరిగాయి. వాటి కడుపులో క్రిప్ట్‌బాట్ అనే దొంగ ప్రోగ్రాము ఉంది. పాస్‌వర్డులూ, డిజిటల్ డబ్బు సంచులూ ఊడ్చుకుపోవడం దాని పని.

దీన్ని నేను పరోక్షంగా చెప్పడం లేదు. మా సంచిక పేజీలు తయారయ్యే సెంటర్‌లో పేజ్‌మేకర్ మీద పని. 2001లో వచ్చిన ఏడో వెర్షనే దానికి ఆఖరు. దాని కోసం పాత తెలుగు ఫాంట్లు, వాటి కోసం పాత విండోస్, ఆ విండోస్ కోసం మారుతాళం. ఒకదాని తోక పట్టుకుని ఇంకొకటి. రెండేళ్ల కిందట కుర్రాడు కొత్త యాక్టివేటర్ ఎక్కించాడు. యాంటీవైరస్ ఆపితే గాని నడవనంది, ఆపాడు. మూడోరోజున ఫైళ్ల పేర్లన్నీ మారిపోయాయి, ఒక్కటీ తెరుచుకోలేదు. "మాస్టారూ, డబ్బు పంపితే తెరుస్తామని తెర మీద రాసుంది" అని ఫోన్ చేశాడు. మా సంఘంలో కన్నుమూసిన ఒక కథకుడి అముద్రిత కథలు, ఆయన నోటుపుస్తకాల నుంచి ఎక్కించినవి, ఎనభై ఆరు పేజీలు అందులో పోయాయి. నోటుపుస్తకాలు ఆయన భార్య దగ్గర భద్రంగా ఉండబట్టి సరిపోయింది. కుర్రాణ్ణి నేను తిట్టలేదు. నెలకు అతను సంపాదించేది నాకు తెలుసు. కాని కథలో ఈ మూడోరోజు లేదు. యథార్థవాదమని చెప్పుకునే కథలో అది లేకపోవడం వస్తులోపం.

ఇక పెద్దాయన వాదం. దొంగతనమని అనేసి చేతులు దులుపుకుంటే మనం ఎవరి పక్కన నిలబడతామో కూడా చూసుకోవాలి. రష్యాలో పెర్మ్ ప్రాంతపు సెపిచ్ గ్రామంలో అలెగ్జాండర్ పొనోసోవ్ అనే బడి ప్రధానోపాధ్యాయుడు ఉన్నాడు. బడికి వచ్చిన 12 కంప్యూటర్లలో అనధికార విండోస్ ఉందని ఆయనపై కేసు పెట్టారు. అవి అలాగే వచ్చాయని ఆయన మొత్తుకున్నాడు. గోర్బచేవ్ స్వయంగా గేట్స్‌కు విజ్ఞప్తి చేశాడు. ఆ కేసు మాది కాదు, రష్యా అధికారులది అని కంపెనీ తప్పుకుంది. 2007లో 5,000 రూబుళ్ల జరిమానా పడింది, 2008 చివర నిర్దోషిగా విడుదల చేశారు. 2010 జనవరిలో బైకాల్ సరస్సు కాలుష్యాన్ని ప్రశ్నించే పర్యావరణ సంఘం మీద పోలీసులు పడి, నకిలీ సాఫ్ట్‌వేర్ వెతుకుతున్నామంటూ కంప్యూటర్లు పట్టుకుపోయారు. లైసెన్సు కొన్నామని సంఘం వాళ్లు చెప్పినా వినలేదు. విషయం పత్రికలకెక్కాక అలాంటి సంఘాలకు ఉచిత లైసెన్సు ప్రకటించి కంపెనీ పరువు నిలుపుకుంది. మన చట్టంలో 1994 సవరణతో వచ్చిన 63బి సెక్షన్, తెలిసి నకిలీ ప్రోగ్రాము వాడినవాడికి ఏడు రోజుల నుంచి మూడేళ్ల దాకా శిక్ష చెబుతోంది. 2012లో చేర్చిన 65ఎ సెక్షన్, హక్కులను భంగపరిచే ఉద్దేశంతో సాంకేతిక తాళాన్ని తప్పించడాన్నే నేరం చేసింది. సోదాకు సాకు కావలసినవాళ్లకు ఇవి ఎప్పుడూ అందుబాటులో ఉంటాయి. ప్రభుత్వానికి నచ్చని రాతలు రాసేవాళ్లు ఈ సంగతి మరిచిపోకూడదు. మారుతాళం వద్దనడానికి నీతి ఒక్కటే కారణం కాదు.

పి.డి.ఎఫ్. పోలిక కూడా నిలవదు. మన కవి తన పుస్తకం అమ్మాక కొన్నవాడు దాన్ని చదవచ్చు, అరువివ్వచ్చు, పాత పుస్తకాల షాపులో అమ్ముకోవచ్చు, చీల్చి చెండాడుతూ విమర్శ రాయవచ్చు. కవి అడిగేది ప్రతి వెల మాత్రమే. అది న్యాయమైన కూలి. లైసెన్సు అడిగేది అంతకుమించిన విధేయత. పోనీ, ఆ వెలైనా రాసినవాడికి చేరుతోందా? ఉద్యోగంలో భాగంగా రాసిన కృతికి మొదటి హక్కుదారు యజమానే అని మన చట్టం 17వ సెక్షన్. 1998 నుంచి ఆ కంపెనీ అభివృద్ధి కేంద్రం హైదరాబాద్‌లో ఉంది. 2014 నుంచి దాన్ని నడిపిస్తున్న సత్య నాదెళ్ల హైదరాబాద్‌లో పుట్టినవాడే. మాదాపూర్ నుంచి అమెరికా దాకా తెలుగువాళ్లు ఇంత పెద్ద ఎత్తున రాస్తున్న 'సాహిత్యం' మరొకటి లేదు. అందులో ఒక్క వరస మీద కూడా వాళ్ల పేరు లేదు, హక్కు లేదు. 1976 లేఖలో కూలి అడిగిన గొంతు వీళ్లదే కావాల్సింది.

యువ మిత్రుడు తిరుగుబాటును చూడాలనుకుంటే దాన్ని వేరేచోట వెతకాలి. 1983 సెప్టెంబర్‌లో రిచర్డ్ స్టాల్‌మన్ గ్నూ పథకం ప్రకటించాడు. యజమాని తలుపు బద్దలుకొట్టలేదు, మారుతాళం చేయలేదు, ఇంకో ఇల్లు కట్టడం మొదలుపెట్టాడు. 1989లో ఆయన రాసిన జి.పి.ఎల్. అనే లైసెన్సు శిల్పరీత్యా గొప్ప వ్యంగ్యరచన. కాపీరైట్ చట్టాన్నే ఆధారం చేసుకుని, ఈ ప్రోగ్రామును చదవచ్చు, మార్చవచ్చు, పంచవచ్చు, పంచేటప్పుడు ఎదుటివాడికీ ఇవే హక్కులివ్వాలి అంటుంది. వాంగ్ తలకట్టు మీద వేసిన చమత్కారం ఇక్కడ న్యాయపత్రం అయింది. లినస్ టోర్వాల్డ్స్ 1991లో మొదలుపెట్టిన లినక్స్ 1992లో ఈ లైసెన్సు కిందికి వచ్చింది. అయితే భజన చేయడానికి నేను సిద్ధంగా లేను. ఆ పత్రం వాడేవాడి స్వేచ్ఛ గురించి మాట్లాడినంతగా రాసేవాడి తిండి గురించి మాట్లాడదు. 2017 నుంచి ప్రపంచంలోని మొదటి 500 సూపర్ కంప్యూటర్లు లినక్స్ మీదే నడుస్తున్నాయి. మన చేతిలోని ఆండ్రాయిడ్ ఫోన్ అడుగునా అదే ఉంది. 2001లో లినక్స్‌ను క్యాన్సర్‌తో పోల్చిన కంపెనీ 2016లో లినక్స్ ఫౌండేషన్‌లో సభ్యత్వం తీసుకుంది. ఊరుమ్మడి చెరువు నీరు పెద్ద కమతాలకే ఎక్కువ పారుతోంది. కాని చెరువు ఉమ్మడిదై ఉండటంవల్ల పేదవాడి కడవ కూడా మునుగుతోంది కదా. కేరళ ప్రభుత్వ పాఠశాలల్లో పిల్లలు దాని మీదే చదువుకుంటున్నారు. మన దగ్గర స్వేచ్ఛ సంస్థవాళ్లు తెలుగులో దాన్ని తేవడానికి శ్రమించారు. వాళ్ల పనిని మన సాహిత్య పత్రికలు ఎంత పట్టించుకున్నాయో చెప్పనక్కరలేదు.

మా కుర్రాడి సెంటర్‌లో ఒక యంత్రం మీద లినక్స్ ఎక్కించాం. సుఖంగా ఏమీ లేదు. పాత సంచికల ఫైళ్లు అందులో తెరుచుకోవు. తెరుచుకున్నా తెలుగు బదులు పిచ్చి గీతలు వస్తాయి. అవి యూనికోడ్ కాకముందు ఫాంట్లతో చేసినవి, ఇరవయ్యేళ్ల సంచికలు అలాగే ఉన్నాయి. ఆ తాళం ఏ విదేశీ కంపెనీ వేసింది కాదు, మనం వేసుకున్నదే. కుర్రాడు సగం పని ఇంకా పాత యంత్రం మీదే చేస్తున్నాడు. కొత్త యంత్రం మీద మాత్రం ఆ కథకుడి నోటుపుస్తకాలు మొదటినుంచి యూనికోడ్‌లో మళ్లీ ఎక్కిస్తున్నాడు. కథ రాసిన యువ మిత్రుడు ఆదివారాలు వచ్చి ప్రూఫులు చూస్తున్నాడు. ఈ వారానికి ముప్పై ఒకటో పేజీ అయింది.